కీ.శే. అన్న రెండక్షరాలు

వారం రోజులుగా దగ్గు. మందుల షాపతను ఇచ్చిన సిరప్పు తాగితే నిద్ర ముంచుకొస్తోందే గాని దగ్గు కదలడం లేదు. చివరికి నిన్న పొద్దున వంటింటి అరలన్నీ వెతికి, ఎప్పటిదో ఒక కరక్కాయ దొరికితే పగలగొట్టి చిన్న ముక్క బుగ్గన పెట్టుకున్నాను. అబ్బ, ఏం వగరు! నోరంతా దగ్గరికి లాక్కుపోయింది, కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఉమ్మేద్దామని సింకు దాకా వెళ్ళాను కూడా. అప్పుడు వినిపించింది, పక్కనే నిలబడి అన్నంత స్పష్టంగా: "నమలకు శారదా. కొరక్కు. దాని మానాన దాన్ని ఊరనివ్వు. గొంతు చెప్పినట్టు మనం వినాలి గాని, మనం చెప్పినట్టు అది వినదు."

ఆ మాటలు రజియా గారివి. ఆవిడ పోయి చాలా ఏళ్ళయింది. విజయవాడ రేడియో స్టేషన్లో నాకు మైకు ముందు కూర్చోవడం నేర్పిన మనిషి. తర్వాత కొన్నాళ్ళు టీవీలో వార్తలు చదివారు కాబట్టి బెజవాడలో ఒక వయసు వాళ్ళకి ఆ ముఖం గుర్తుండొచ్చు. మిగతావాళ్ళకి పేరు చెప్పినా తెలియదు. ఇన్నేళ్ళుగా ఆవిడ గురించి నాలుగు ముక్కలు రాయాలని అనుకోవడం, కాగితం ముందు కూర్చోగానే సిగ్గేసి లేచిపోవడం. సిగ్గెందుకంటే ఆ కథలో నా తప్పొకటి ఉంది. అది చెప్పకుండా ఆవిడ గురించి చెప్పడం కుదరదు. నిన్న ఆ వగరు నోట్లో ఉండగానే కూర్చుని మొదలుపెట్టాను.

తొంభైల మధ్యలో నేను కంకిపాడు నుంచి రోజూ బస్సులో వచ్చి డిగ్రీ పూర్తి చేశాను. కాలేజీలో వక్తృత్వ పోటీలన్నిటిలోనూ కప్పులు నావే. రేడియోలో గొంతు పరీక్ష పెడితే మొదటిసారే నెగ్గాను. నెలకి ఆరు రోజులు పిలిచే క్యాజువల్ అనౌన్సరు ఉద్యోగం. అదైనా సరే, మా ఊళ్ళో నేను నేల మీద నడవలేదు. మొదటి రోజు స్టేషన్లో నన్ను రజియా గారికి అప్పజెప్పారు. ముప్పై నాలుగైదేళ్ళ మనిషి, సన్నగా, పొడుగ్గా, ముతక నూలు చీర, చెవి వెనక ఒక పెన్సిలు. ఆ పెన్సిలు చూసి ఈవిడెవరో వడ్రంగిలా ఉందే అనుకున్నాను. ఆవిడ నా చేతిలో ఆ రోజు పేపరు పెట్టి చదవమన్నారు. కప్పులు గెలిచిన గొంతు కదా, గదంతా మోగేట్టు చదివాను.

పూర్తయ్యాక ఆవిడ తలూపి, "బాగా చదివావమ్మాయ్. ఏం చదివావో మాత్రం నాకు తెలియలేదు" అన్నారు.

నాకు ఒళ్ళు మండిపోయింది. ఆవిడ అదేం పట్టించుకోకుండా పేపరు తీసుకుని అదే వార్త చదివారు. గొంతు పెంచలేదు, తగ్గించలేదు. అందులో ఒక ఊరి పేరుంది, ఒక మనిషి పేరుంది, ఒక పంట పేరుంది. ఆ మూడూ ఎవరో కడిగి తుడిచి బల్ల మీద పెట్టినట్టు వినిపించాయి. నేను చదివినప్పుడు అందులో పంట ఉందన్న సంగతే నాకు తట్టలేదు. కోపం అలాగే ఉంది గాని, మర్నాడు ఇంకో అరగంట ముందే స్టేషన్‌కి వెళ్ళాను.

ఆవిడకి ఆ విద్య ఎలా అబ్బిందో తర్వాత తెలిసింది. వాళ్ళ నాన్న వన్ టౌన్‌లో ఒక ప్రెస్సులో కంపోజిటరు. సీసపు అక్షరాలు ఒక్కొక్కటే ఏరి పేర్చి పుస్తకాలు అచ్చువేసే రోజులు అవి. సాయంత్రం ఆయన ప్రూఫులు ఇంటికి తెచ్చేవాడు. మూలప్రతి కూతురు పైకి చదవాలి, ఆయన ప్రూఫు చూసుకోవాలి. కామా వస్తే "కామా" అనాలి, చుక్క వస్తే "చుక్క" అనాలి, ఒత్తు ఉంటే ఆ ఒత్తు ఆయన చెవికి తగలాలి. "ఇంట్లో మాట్లాడుకునేది ఉర్దూ, పొట్ట నింపేది తెలుగు" అనేవారు ఆవిడ నవ్వుతూ. "ఒత్తు మింగితే మా నాన్న ఏమీ అనేవాడు కాదు. 'ఏం బేటీ, అన్నం తినలేదా, అక్షరాలు మింగుతున్నావ్?' అనేవాడు, అంతే. దానికంటే దెబ్బ కొట్టినా బాగుండేది." ఆయన పోయాక ఆ ప్రూఫుల పని ఆవిడే చేసేవారు. నెలకి ఆరు రోజులు రేడియో, మిగతా రోజులు ప్రెస్సు. ఇంట్లో ముసలి తల్లి. పెళ్ళి మాట ఎత్తితే, "ఒక ప్రూఫు వచ్చింది గాని, తప్పులెక్కువున్నాయని తిప్పి పంపాను" అనేసేవారు.

మా ఇద్దరికీ కలిపి వారానికొక రోజు శ్రోతలు కోరిన పాటల కార్యక్రమం ఉండేది. మధ్యాహ్నం గంట సేపు, ప్రత్యక్ష ప్రసారం. ఉత్తరాలంటే కార్డులే ఎక్కువ. చల్లపల్లి, ఉయ్యూరు, కంకిపాడు, దివిసీమ లంకలు, ఎక్కడెక్కడి నుంచో గోతాలతో వచ్చేవి. ఒక కార్డు మీద ఇంటిల్లిపాదీ పేర్లుండేవి. చోటు చాలక అంచుల వెంట అడ్డంగా, నిలువుగా, తలకిందులుగా కూడా రాసేవారు. రజియా గారు ఒక్కో కార్డు మూడుసార్లు చదివేవారు. ఒకసారి కళ్ళతో, ఒకసారి పెన్సిలుతో, ఒకసారి నోటితో. పెన్సిలుతో ప్రతి పేరు కిందా గీత. పొడి అక్షరాలుంటే వాటి పైన పూర్తి మాట రాసేవారు. చి. ఉంటే చిరంజీవి, చి.ల.సౌ. ఉంటే చిరంజీవి లక్ష్మీ సౌభాగ్యవతి, కీ.శే. ఉంటే కీర్తిశేషులు.

"ఇది కూడా రాసుకోవాలా అండీ? చిన్న పిల్లకైనా తెలుసు కదా" అన్నాను ఒకసారి.

"తెలుసు కాబట్టే తప్పొస్తుంది. తెలియని చోట మనిషి ఆగుతాడు, అడుగుతాడు. తెలిసిన చోటే గుడ్డెద్దు చేలో పడ్డట్టు పోతాడు" అన్నారు.

సరే, చాదస్తం అనుకున్నాను. ఆ మాటే మా అమ్మతో కూడా అన్నాను.

రెండో ఏడు స్టేషన్లో ఒక పర్మనెంటు అనౌన్సరు పోస్టు పడింది. ఒకే ఒక్కటి. పదకొండేళ్ళుగా క్యాజువల్‌గా పనిచేస్తున్న రజియా గారికి అది ఆఖరి అవకాశం, ఆ తర్వాత వయసు దాటిపోతుంది. దరఖాస్తు పెట్టేవాళ్ళలో నేనూ ఉన్నాను గాని, ఆ కుర్చీ ఎవరిదో స్టేషన్లో క్యాంటీను వాళ్ళకి కూడా తెలుసు. "నువ్వు కూడా పెట్టు. ఇంటర్వ్యూ అంటే ఎలా ఉంటుందో చూసినట్టుంటుంది" అని నా చేత దరఖాస్తు పూర్తి చేయించింది కూడా ఆవిడే. ఆ రోజుల్లో ఆవిడ మాటల్లో కొంచెం తొందర కనిపించేది. వాళ్ళమ్మకి కళ్ళజోడు మార్పించాలి, వాన పడితే కారుతున్న పెంకులు సరిచేయించాలి, ఇలాంటివన్నీ "ఆ పోస్టు రాగానే" అని మొదలయ్యేవి. ఇంటర్వ్యూ ఇంకా మూడు వారాలుంది.

ఆ వారం ఆవిడకి జలుబు చేసి గొంతు పూర్తిగా పట్టేసింది. "ఇవాళ ఉత్తరాలు నువ్వు చదువు. నేను డ్యూటీ రూములో ఉంటాను. ముందు కూర్చుని పెన్సిలు పెట్టుకో" అన్నారు గుసగుసగా. గంట ముందే కార్డుల కట్ట నా చేతికిచ్చారు. నేనేం చేశాను? క్యాంటీన్లో కూర్చుని నా కొత్త చీర గురించి నలుగురికీ చెబుతూ టీ తాగాను. ఎర్ర లైటు వెలిగే వేళకి స్టూడియోలోకి వెళ్ళి, ఒక్క గీతైనా లేని కార్డులు ముందు పెట్టుకుని మొదలుపెట్టాను. మూడు కార్డులు బ్రహ్మాండంగా చదివాను. నా గొంతుకి నేనే మురిసిపోయాను.

నాలుగోది చల్లపల్లి అవతల ఒక పల్లెటూరి నుంచి సుబ్బారాయుడు అనే పెద్దాయన రాసిన కార్డు. భార్య అన్నపూర్ణమ్మ పోయి ఏడాదైంది, ఆవిడకి ఇష్టమైన పాట వేయమని ఆయన కోరిక అని తర్వాత తెలిసింది; అప్పుడు నేను చూసింది పాట పేరూ, చివరి వరుసా మాత్రమే. చివరి వరుస కొసన "కీ.శే." అని ఉంది. అక్కడితో కార్డు అయిపోయింది. అన్నపూర్ణమ్మ అన్న పేరు పట్టక పక్క అంచున నిలువుగా రాశాడు. నా కళ్ళు ఆ అంచుకి పోలేదు. కింద సంతకం కనిపించింది. నేను గొంతులోకి కావలసినంత విషాదం తెచ్చుకుని, "కీర్తిశేషులు సుబ్బారాయుడు గారి జ్ఞాపకార్థం, ఈ పాట" అన్నాను. పాట పెట్టాను. ఎంత బాగా చెప్పానో అనుకుంటూ నీళ్ళు తాగాను కూడా.

పాట సగంలో ఉండగా రజియా గారు తలుపు తోసుకుని వచ్చారు. ఉయ్యూరు ఎస్టీడీ బూతు నుంచి ఎవరో ఆడమనిషి ఫోను చేసిందట. ఏడుస్తోందట. "మా అన్నయ్య పొద్దున కంటి ఆపరేషన్‌కని బెజవాడ బస్సెక్కాడండీ! మాకే కబురు లేదు, మీకెవరు చెప్పారండీ పోయాడని? ఏ ఆస్పత్రిలో ఉందండీ శవం?" అందట. రజియా గారు నా ముందున్న కార్డు తీసి చూశారు. అంచున వేలు పెట్టి చూపించారు.

"ఏం చేద్దామండీ ఇప్పుడు?"

"ఈ పాటవగానే చెప్పు."

"ఏమని? అంతరాయానికి చింతిస్తున్నాం అనా?"

"దానికి పోయినవాడు లేచొస్తాడా? ఉన్నది ఉన్నట్టు చెప్పు. తప్పు చదివానని చెప్పు."

"మీరు చెప్పండి మేడమ్, మీ కాళ్ళు పట్టుకుంటాను. నాకు మాట రావడం లేదు."

ఆవిడ ఆ బొంగురు గొంతుతోనే, "చంపింది నువ్వు, బతికించాల్సిందీ నువ్వే" అన్నారు. నవ్వలేదు.

ఇలా రాయని మాట మైకులో మాట్లాడాలంటే ప్రోగ్రాం ఆఫీసరు గారి అనుమతి ఉండాలి. అది రూలు. రజియా గారు రెండుసార్లు ఆయన గదికి ఫోను చేశారు. ఆయన భోజనానికి వెళ్ళారు. పాట ఇంకో నిమిషంలో అయిపోతుంది. ఆ నిమిషంలో ఆవిడ ఏం ఆలోచించారో నాకు తెలియదు. మూడు వారాల్లో ఇంటర్వ్యూ ఉన్న సంగతి మాత్రం ఆవిడకి గుర్తుండే ఉంటుంది, నాకే గుర్తుంది కదా. నేను వణుకుతూ ఒక కాగితం మీద "సుబ్బారాయుడు గారు క్షేమంగా ఉన్నారు" అని రాసుకుంటే, ఆవిడ పెన్సిలు తీసి ఆ వాక్యం కొట్టేశారు.

"క్షేమంగా ఉన్నాడో లేదో నీకేం తెలుసు? ఆపరేషన్‌కి వెళ్ళిన మనిషి. తెలిసిందే చెప్పు."

తెలిసిందే చెప్పాను. "ఇంతకు ముందు ఉత్తరం నేను తప్పుగా చదివాను. ఆ ఉత్తరం రాసినది సుబ్బారాయుడు గారే. ఆయన మరణించినట్టు అందులో లేదు. ఆయన బంధువులు నన్ను క్షమించాలి. తప్పు నాది." ఆ నాలుగు ముక్కలూ చెప్పేసరికి చెమటతో నా కొత్త చీర తడిసి ముద్దైంది. రజియా గారు లాగ్‌బుక్కులో నేను చెప్పినదంతా అక్షరం పొల్లుపోకుండా రాసి, కింద సంతకం పెట్టారు. ఆ డ్యూటీకి బాధ్యురాలు ఆవిడే.

మర్నాడు ఆవిడే నన్ను చల్లపల్లి బస్సెక్కించి, తనూ ఎక్కారు. ఉయ్యూరు దాటేదాకా, చక్కెర ఫ్యాక్టరీ దగ్గర బెల్లప్పాకం వాసన కమ్ముకున్నా సరే, నేను ముందు సీటు కడ్డీ వదల్లేదు. ఆ ఊళ్ళో కొడతారేమోనని నా భయం. వెళ్ళేసరికి ఆ ఇంటి ముందు రెండు ఎడ్లబళ్ళు, ఒక ట్రాక్టరు, వసారా నిండా చుట్టాలు. తీరా చూస్తే అందరూ విస్తళ్ళ ముందు కూర్చుని పప్పన్నం తింటున్నారు. మధ్యలో కుర్చీలో, కంటికి ఆకుపచ్చ గుడ్డ కట్టుకుని, సుబ్బారాయుడు గారు.

"రండి రండి! నా చావుకి మీరే ఆలస్యం" అన్నాడాయన.

నేను కాళ్ళ మీద పడబోతే వాళ్ళ చెల్లెలు, ఫోను చేసిన ఆవిడే, పట్టుకుని లేపింది. "ఊరుకో తల్లీ. మంచే జరిగింది. పోయిన నెల మా అన్నయ్య నెత్తి మీద కాకి తన్నింది. దోషం పోవాలంటే పోయాడని చుట్టాలకి ఉత్తుత్తి కబురు పంపాలి కదా. పంపుదాం అన్నయ్యా అంటే వింటేనా! ఇప్పుడు చూడు, జిల్లా అంతటికీ ఒక్క దెబ్బకి వెళ్ళింది" అంది. వసారా అంతా గొల్లున నవ్వారు. సుబ్బారాయుడు గారు మరీను. "ఎవరు ఏడుస్తారో, ఎవరు ఏడవరో బతికుండగానే తేలిపోయిందమ్మాయ్. మా పెద్దల్లుడు రానేలేదు!" అన్నాడు.

నేను కూడా నవ్వేశాను. హమ్మయ్య, గండం గడిచింది అనుకున్నాను. రజియా గారు మాత్రం నవ్వలేదు. ఆయన కుర్చీ పక్కన పీట మీద కూర్చుని, "మీకు నిజంగా ఏమీ అనిపించలేదాండీ?" అని అడిగారు.

ఆయన కాసేపు కంటి మీది గుడ్డ సవరించుకున్నాడు. తర్వాత, మా ఇద్దరికి తప్ప ఎవరికీ వినపడకుండా అన్నాడు: "నన్ను అన్నదానికి కాదమ్మా. మా ఆవిడ పేరు చదవలేదు మీరు. ఆపరేషన్‌కి వెళ్తూ కూడా ఆస్పత్రిలో వినాలని చిన్న ట్రాన్సిస్టరు పట్టుకెళ్ళాను. పాటైతే వచ్చింది. పేరు రాలేదు."

నేను ఎవరికి అన్యాయం చేశానో అప్పుడు తెలిసింది. బతికున్న మనిషిని చంపానని బాధపడుతున్నానే గాని, పోయిన మనిషి పేరు ఎగరగొట్టేశానని నాకు తట్టనేలేదు. రజియా గారు ఆయనకి, "వచ్చే వారం చదువుతాం" అని మాటిచ్చారు. తిరుగు బస్సులో నాకు ఏడుపు ఆగలేదు. ఆవిడ ఓదార్చలేదు. కిటికీ అవతల చెరుకు తోటలు చూస్తూ, "ఏడువు. గుర్తుంటుంది" అన్నారంతే.

తిరిగొచ్చేసరికి మెమో సిద్ధంగా ఉంది. నాకు కాదు, ఆవిడకి. నేను ఆఫీసరు గారి గదికి పరిగెత్తాను. తప్పు చదివింది నేనండీ, ఆవిడకేం సంబంధం అన్నాను. ఆయన చెడ్డవాడు కాడు, రూల్సంటే భయం, అంతే. "తప్పు చదివినందుకు కాదమ్మా. తప్పులు అందరూ చదువుతారు, వాటిని ఎవరూ పట్టించుకోరు. అనుమతి లేకుండా దిద్దించింది, అదీ గొడవ. పైవాళ్ళు లాగ్‌బుక్కు చూశారు" అన్నారు. ఇదెక్కడి చోద్యం? తప్పు చేస్తే ఫరవాలేదు, దిద్దితేనే నేరం! అలాగే అనేశాను ఆయన మొహం మీద. ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ కూర్చున్నారు.

రజియా గారికి డ్యూటీలు ఆపేశారు, మా పాటల కార్యక్రమం వేరేవాళ్ళకిచ్చారు. ఇంటర్వ్యూకి పిలిచారు గాని ఫైల్లో మెమో ఉంది. ఆ ఒక్క పోస్టూ నాకొచ్చింది. ఆ కాగితం పట్టుకుని నేను వన్ టౌన్‌లో వాళ్ళింటికి వెళ్ళి, నాకొద్దండీ, చేరను అన్నాను. ఆవిడ ప్రూఫులు చూసుకుంటూ తలెత్తలేదు. "వేషాలెయ్యకు. నువ్వు మానేస్తే అది నాకేం రాదు. అక్షరాలు మింగేవాడెవడికో వస్తుంది. సోమవారం వెళ్ళి చేరు. చేరగానే ముందు అన్నపూర్ణమ్మ గారి పేరు చదువు. నేను మాటిచ్చి వచ్చాను" అన్నారు. అలాగే చదివాను. అప్పటికి ఒక వారం కాదు, ఐదు వారాలు ఆలస్యమైంది.

రెండువేల సంవత్సరం దాటాక బెజవాడలో కేబుల్ టీవీ వాళ్ళు ఊరి వార్తలు మొదలుపెట్టారు. ఒక ఛానెలు యజమాని రజియా గారి గొంతు గుర్తుపెట్టుకుని కబురు చేశాడు. రోజూ సాయంత్రం ఏడింటికి అరగంట. మొదట్లో ఆవిడ తెర మీద కొయ్యబొమ్మలా ఉండేవారు. "రేడియోలో మొహం ఎలా ఉన్నా ఫరవాలేదు, ఇక్కడ గొంతెలా ఉన్నా ఫరవాలేదట!" అని నవ్వేవారు. ఆ యజమాని, రజియా బదులు రజని అని వేద్దాం, జనానికి దగ్గరగా ఉంటుంది అన్నాడట. "ఆ పేరు మా నాన్న కంపోజ్ చేశాడండీ. ప్రూఫు కూడా ఆయనే చూశాడు. తప్పు లేదు" అన్నారట ఈవిడ. ఆ పేరే వేశారు. ఏడాది తిరిగేసరికి బీసెంట్ రోడ్డులో బట్టల కొట్టువాళ్ళు ఆవిణ్ణి పేరు పెట్టి పలకరించేవారు. మా వీధిలో ఏడైతే చాలు, అందరి ఇళ్ళలోనూ అదే గొంతు. నాకెంత గర్వమో! ఆ గర్వం కింద ఒక ముల్లు కూడా గుచ్చుకుంటూనే ఉండేది, ఆవిడ కుర్చీలో నేను కూర్చున్నానని.

ఒక సాయంత్రం జరిగింది మా ఇంట్లో టీవీ ముందు కూర్చుని నా కళ్ళతో చూశాను. ఊళ్ళో అందరూ ఎరిగిన ఒక పెద్దమనిషి ఆస్పత్రిలో ఉన్నాడు, పరిస్థితి బాగాలేదు. పక్క ఛానెల్లో ఆయన పోయాడని అప్పటికే వేసేశారు. రజియా గారు వార్తలు చదువుతూ చదువుతూ చెవి మీద చెయ్యి వేసుకున్నారు. చెవిలో పెట్టిన చిన్న స్పీకర్లోంచి ఎవరో ఏదో చెబుతున్నారని తెలుస్తూనే ఉంది. ఆవిడ ఒక్క క్షణం ఆగి, దాన్ని తీసి బల్ల మీద పెట్టేశారు. "ఆయన చికిత్స పొందుతున్నారు. వైద్యులు చెప్పేదాకా మేము ఇంకో మాట చెప్పం" అన్నారు. తర్వాతి వార్తలోకి వెళ్ళిపోయారు. ఇంకో నలభై నిమిషాలకి ఆస్పత్రి వాళ్ళు ఆయన పోయాడని ప్రకటించారు.

"అందరికంటే వెనకబడ్డామండీ మీ మూలంగా. ఎలాగూ పోయాడు కదా!" అన్నాడట యజమాని.

"ఆ నలభై నిమిషాలూ ఆయన బతికే ఉన్నాడు కదండీ" అన్నారట ఈవిడ.

వార్తల్లోంచి తీసి వంటల కార్యక్రమంలో వేశారు. వేరొకరైతే మానేసేవారు. ఆవిడ మాత్రం గుత్తొంకాయ కూర చేయడానికి వచ్చిన ఆవిణ్ణి కూడా ఇంటిపేరు, ఊరిపేరు, ఒత్తులతో సహా ముందే అడిగి రాసుకునేవారు. ఆ పెన్సిలు చెవి వెనకే ఉండేది, వద్దని మేకప్ వాళ్ళు మొత్తుకున్నా సరే. మూడేళ్ళు అలా చేసి, తల్లికి బాగా లేకపోతే మానేసి ఇంటి పట్టున ఉండిపోయారు.

ఆ తర్వాత ఒక ఆదివారం వాళ్ళింటికి వెళ్ళాను. అప్పటికి నాకు పదోన్నతి వచ్చింది. ఆ కబురు చెప్పడానికి స్వీట్లు పట్టుకెళ్ళి, చెప్పలేక, ఏడ్చేశాను. పదేళ్ళ పైన కడుపులో దాచుకున్నదంతా కక్కేశాను. ఇదంతా మీది, నేను కార్డుకి పెన్సిలు పెట్టుకోలేదు, అందుకు మీ బతుకు ఇలా అయింది అన్నాను. ఆవిడ నా చేతిలోంచి స్వీట్ల డబ్బా తీసుకుని, మూత విప్పి, ఒకటి వాళ్ళమ్మకి ఇచ్చి వచ్చి, నా ఎదురుగా కూర్చున్నారు.

"నీకో సంగతి చెప్పలేదు. మెమో ఇచ్చే ముందు ఆఫీసరు గారు నన్ను పిలిచారు. మంచాయన పాపం, నా మేలు కోరే పిలిచారు. 'ఆ అమ్మాయి తనంతట తనే మైకులో మాట్లాడింది, నాకు తెలియదు అని ఒక్క వాక్యం రాసివ్వు రజియా. నీ ఫైలు శుభ్రంగా ఉంటుంది, పోస్టు నీదే. ఆ పిల్ల చిన్నది, ఇంకో ఏడు ఇంకోటి వస్తుంది' అన్నారు. తెల్లకాగితం కూడా ఆయనే ఇచ్చారు."

"మరి రాయకపోయారేమండీ? ఒక్క వాక్యమే కదా! నాకు నిజంగానే ఇంకోటి వచ్చేది కదా!" అన్నాను, గట్టిగా అరిచినట్టే.

"నీకు ఉద్యోగం వచ్చేది, ఎందుకు రాదు? నువ్వు మాత్రం మళ్ళీ జన్మలో తప్పు ఒప్పుకునేదానివి కాదు. ఇరవై రెండేళ్ళ పిల్ల, వణుకుతూ, లోకమంతా వింటుంటే తప్పు నాది అంది. ఒప్పుకుంటే మునిగిపోతారని ఆ పిల్లకి నేనే చూపించాలా? ఎంత పోస్టు వస్తే మాత్రం ఆ పని నేను చేస్తానా శారదా?" అన్నారు. అని, ఒక స్వీటు నా నోట్లో కుక్కి, "ఇంక ఏడవకు. మా అమ్మ చూస్తోంది, ఎవరో పోయారనుకుంటుంది" అన్నారు.

రేడియోలో నా ఉద్యోగం ఇంకా కొన్నేళ్ళుంది. ఈ పాతికేళ్ళ పైచిలుకులో చాలా తప్పులు చదివాను. పెన్సిలు పెట్టుకున్నా చదివాను. ప్రతిసారీ ఆ పాటైపోగానే, లేదా ఆ వార్త అయిపోగానే, తప్పు నాది అని చెప్పి దిద్దాను. అనుమతి దొరికితే సరే, దొరక్కపోతే దొరక్కుండానే. అందుకు మూడు మెమోలొచ్చాయి. మంచి అనౌన్సరని ఇచ్చిన సర్టిఫికెట్లు ఇంట్లో ఎక్కడున్నాయో నాకు తెలియదు. ఆ మూడు మెమోలు మాత్రం బీరువాలో, పట్టుచీరల మధ్య భద్రంగా దాచుకున్నాను.